జీతం వదిలి వాటా అడిగిన హీరో: జేమ్స్ స్టూవర్ట్ కెరీర్ వెనక కాంట్రాక్టుల లెక్క

హాలీవుడ్ వ్యాపారం గురించి రాసేవాళ్ళు తరచూ ఒక మాట చెబుతుంటారు. 1950లో జేమ్స్ స్టూవర్ట్ ‘వించెస్టర్ 73’ సినిమాకు పారితోషికం వద్దని లాభంలో సగం వాటా తీసుకున్నాడనీ, ఆ ఒక్క ఒప్పందంతో స్టూడియోల పెత్తనం కూలిపోయిందనీ. ఇందులో మొదటి ముక్క నిజమే. రెండోది కాదు. రాబడిలో వాటా తీసుకున్న మొదటి నటుడు స్టూవర్ట్ కాదు. మూకీల కాలంలోనే చాప్లిన్, మేరీ పిక్‌ఫోర్డ్ సొంత పంపిణీ సంస్థ పెట్టుకున్నారు. 1930లలో మార్క్స్ బ్రదర్స్ కూడా ఎంజీఎం స్టూడియో దగ్గర వసూళ్ళలో శాతం తీసుకున్నారు. స్టూడియోల పెత్తనానికి అసలు గండి కొట్టింది 1948 మే 3న పారమౌంట్ కేసులో అమెరికా సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పు. సొంత థియేటర్లను వదులుకోవాల్సి వచ్చాక, వారం వారం జీతాలిచ్చి నటీనటుల్ని ఊరికే అట్టేపెట్టుకునే స్తోమత స్టూడియోలకు తగ్గిపోయింది. టీవీ మిగిలిన పని పూర్తిచేసింది.

అయినా స్టూవర్ట్ ఒప్పందం గురించి మాట్లాడుకోవాల్సిందే. అతని కెరీర్‌లో రెండో ప్రపంచయుద్ధానికి ముందు మనిషి వేరు, తర్వాత మనిషి వేరు. ముందు కనిపించేవాడు తడబడుతూ మాట్లాడే నిజాయితీపరుడైన కుర్రాడు. తర్వాత కనిపించేవాడు పగతో ఊగిపోయేవాడు, భయపడేవాడు, ఒక్కోసారి చూడ్డానికే ఇబ్బంది పెట్టేవాడు. ఈ మార్పును యుద్ధంలో అతను చూసినవాటికి ముడిపెట్టడం మామూలైపోయింది. అందులో కొంత నిజం ఉండొచ్చు. కానీ లోపల ఎంత మారినా, బయట ఆ పాత్రలు ఎవరో ఒకరు ఇవ్వాలి కదా? 1941కి ముందు ఏ పాత్ర వేయాలో స్టూడియో చెప్పేది. 1950 తర్వాత అతనే చెప్పగలిగాడు. ఆ తేడాను తెచ్చినవి కాంట్రాక్టు కాగితాలు.

ఏడేళ్ళ కాంట్రాక్టు, ఒక్కవైపు కట్టుబాటు

స్టూవర్ట్ 1908 మే 20న పెన్సిల్వేనియా రాష్ట్రంలోని ఇండియానా అనే చిన్న ఊళ్ళో పుట్టాడు. తండ్రికి అక్కడే హార్డ్‌వేర్ దుకాణం. ప్రిన్స్‌టన్‌లో ఆర్కిటెక్చర్ చదివి 1932లో పట్టా తీసుకున్నాడు. అది మహామాంద్యం కాలం, ఇళ్ళు కట్టేవాళ్ళే లేరు. నాటకాల్లోకి వెళ్ళి, న్యూయార్క్‌లో కొన్నాళ్ళు తిప్పలు పడి, 1935లో ఎంజీఎంతో ఏడేళ్ళ కాంట్రాక్టు మీద సంతకం పెట్టాడు. వారానికి 350 డాలర్లు.

ఏడేళ్ళంటే ఏడేళ్ళ భద్రత అనిపిస్తుంది. కానీ ఆ కాలపు కాంట్రాక్టు నటుణ్ణి ఏడేళ్ళూ కట్టేసేది, స్టూడియోను మాత్రం ఆరు నెలలకో ఏడాదికో మించి కట్టేసేది కాదు. ఆ గడువు రాగానే కొనసాగించాలా, పంపేయాలా అన్న ‘ఆప్షన్’ స్టూడియో చేతిలో ఉండేది. కొనసాగిస్తే ముందే రాసుకున్న మేరకు జీతం పెరిగేది. నటుడికి నచ్చకపోయినా మధ్యలో వెళ్ళిపోయే హక్కు ఉండేది కాదు. ఏడాదికి 52 వారాలున్నా సాధారణంగా 40 వారాలకే జీతం గ్యారంటీ, మిగతా 12 వారాలు జీతం లేని సెలవు. ఇచ్చిన పాత్ర కాదంటే సస్పెన్షన్. జీతం ఆగిపోతుంది, పైగా సస్పెన్షన్‌లో గడిచిన రోజుల్ని కాంట్రాక్టు చివర కలిపేస్తారు. పాత్రలు కాదనే అలవాటున్న నటుడికి ఏడేళ్ళు తొమ్మిదేళ్ళయ్యే ప్రమాదం ఉండేది.

మద్రాసులో 1950లలో విజయా సంస్థ ఎన్.టి.రామారావు వంటి నటుల్ని నెలజీతం మీద పెట్టుకున్న సంగతి తెలిసిన మన పాఠకులకు ఈ పద్ధతి పూర్తిగా కొత్తేమీ కాదు. హాలీవుడ్‌లో మాత్రం అది పరిశ్రమ మొత్తానికీ చట్రం, తప్పించుకునే దారి దాదాపు లేదు.

ఇక నటుణ్ణి మరో స్టూడియోకు అరువివ్వడం. ఈ ఏర్పాటులో డబ్బు ఎటు పోయేదో చూస్తే జీతగాడి స్థితి అర్థమవుతుంది. వారానికి 1,000 డాలర్ల జీతమున్న నటుణ్ణి ఇంకో స్టూడియోకు వారానికి 3,000కు ఇచ్చారనుకుందాం. నటుడికి అందేది ఆ 1,000 మాత్రమే. మిగిలిన 2,000 సొంత స్టూడియో ఖాతాలోకి పోతుంది. అతని పేరుకు బయట గిరాకీ పెరిగేకొద్దీ లాభపడేది యజమాని.

స్టూవర్ట్ విషయంలో ఎంజీఎంకు అతన్ని ఎలా వాడాలో చాలాకాలం అంతుపట్టలేదు. ఆరడుగుల మూడంగుళాల ఎత్తు, బక్కపలచని మనిషి, నత్తినత్తిగా సాగే మాట. ‘బోర్న్ టు డాన్స్’లో అతనిచేత పాట కూడా పాడించారు. అతన్ని స్టార్‌ను చేసిన సినిమాలు ఎక్కువగా అరువుకు వెళ్ళి చేసినవే. కొలంబియాలో ఫ్రాంక్ కాప్రా తీసిన ‘యూ కాంట్ టేక్ ఇట్ విత్ యూ’ (1938), ‘మిస్టర్ స్మిత్ గోస్ టు వాషింగ్టన్’ (1939), యూనివర్సల్‌లో ‘డెస్ట్రీ రైడ్స్ అగైన్’ (1939) అన్నీ పరాయి గడప మీద వచ్చినవే. ‘మిస్టర్ స్మిత్’లో సెనేట్ సభలో గంటల తరబడి మాట్లాడి గొంతు పోగొట్టుకునే సన్నివేశం ఉంది. ఆ బొంగురు నటనతో రాలేదు. రోజూ డాక్టర్ వచ్చి పాదరసపు లవణం కలిపిన మందును స్వరతంత్రుల దగ్గర పూసేవాడు. గొంతు వాచిపోయి నిజంగానే మాట పెగలేది కాదు. కళ్ళు గుంటలు పడి, మాట గాలిలా వెలువడే ఆ చివరి నిమిషాల్ని చూస్తే, ఇంత దూరం వెళ్ళగల నటుడి చేత ఎంజీఎం సరదా ప్రేమికుడి వేషాలే ఎందుకు వేయించిందా అనిపిస్తుంది. అయితే ఎంజీఎంకు దక్కాల్సిన మంచిపేరు కూడా ఉంది. ‘ద షాప్ అరౌండ్ ద కార్నర్’, ‘ద ఫిలడెల్ఫియా స్టోరీ’ రెండూ అక్కడివే, రెండూ 1940వే. రెండోదానికి అతనికి ఆస్కార్ వచ్చింది. ఆ బొమ్మను తండ్రి తన హార్డ్‌వేర్ దుకాణం అద్దాల బీరువాలో ఏళ్ళ తరబడి ఉంచుకున్నాడు.

విరామం, విముక్తి

ఆస్కార్ అందుకున్న నెలలోపే, 1941 మార్చి 22న, స్టూవర్ట్ సైన్యంలో చేరాడు. అంతకుముందు బరువు చాలదని ఒకసారి తిప్పి పంపేశారు. బి-24 బాంబర్ పైలట్‌గా ఇంగ్లండ్‌లోని టిబెన్‌హమ్ స్థావరం నుంచి వెళ్ళి, యూరప్ మీద 20 యుద్ధయాత్రలు చేశాడు. మామూలు సైనికుడిగా మొదలై కల్నల్‌గా తిరిగొచ్చాడు.

ఈలోగా కోర్టులో పెద్ద మార్పు వచ్చింది. వ్యక్తిగత సేవల కాంట్రాక్టును ఏడేళ్ళకు మించి అమలు చేయకూడదని కాలిఫోర్నియా చట్టంలో ముందునుంచీ ఉంది. ఏడేళ్ళంటే పనిచేసిన ఏడేళ్ళు, సస్పెన్షన్ కాలం లెక్కలోకి రాదు అన్నది స్టూడియోల వాదన. ఒలీవియా డి హావిలాండ్ వార్నర్ బ్రదర్స్ మీద వేసిన కేసులో 1944 డిసెంబర్ 8న అప్పీల్ కోర్టు ఆ వాదనను కొట్టేసింది. ఏడేళ్ళంటే క్యాలెండర్‌లో ఏడేళ్ళే అంది. యుద్ధానికి వెళ్ళిన నటులకూ ఈ కొలతే కలిసొచ్చింది. 1935లో సంతకం పెట్టినవాడి ఏడేళ్ళు 1942తోనే ముగిశాయి. సైన్యంలో గడిపిన కాలానికి ఇంకొన్నాళ్ళు పనిచేయాలని అడిగే ఆధారం స్టూడియోకు పోయింది. స్టూవర్ట్ ఎంజీఎంతో మళ్ళీ కాంట్రాక్టు రాసుకోలేదు.

స్వేచ్ఛ వచ్చింది, దానితోపాటు భద్రత పోయింది. తిరిగొచ్చాక మొదటి సినిమా కాప్రా సొంత సంస్థ లిబర్టీ ఫిల్మ్స్ తీసిన ‘ఇట్స్ ఎ వండర్‌ఫుల్ లైఫ్’ (1946). ఈనాడు క్లాసిక్ అంటున్న ఆ సినిమాకు అప్పట్లో 30 లక్షల డాలర్లకు పైగా ఖర్చయింది, పెట్టుబడి పూర్తిగా వెనక్కి రాలేదు. 1947లో ‘మ్యాజిక్ టౌన్’ పోయింది. జీతగాడైతే ఫ్లాపు తర్వాత కూడా వారం జీతం వస్తుంది. ఫ్రీలాన్సర్‌కు ఫ్లాపు పడితే తర్వాతి సినిమాకు అడిగే రేటు పడిపోతుంది. 1949 నాటికి స్టూవర్ట్ వయసు 41. కుర్రాడి వేషాలు నప్పవు, కొత్త వేషాలు ఎవరూ రాయడం లేదు.

1950 నాటి బేరం

స్టూవర్ట్ పాత ఏజెంట్ లీలండ్ హేవర్డ్ తన ఏజెన్సీని 1945లో ఎంసీఏ అనే మరో ఏజెన్సీకి అమ్మేశాడు. అలా స్టూవర్ట్ ఎంసీఏ అధిపతి లూ వాసర్‌మన్ చేతికి వచ్చాడు. స్టూవర్ట్‌కు అప్పుడు మనసంతా ‘హార్వీ’ మీద ఉంది. కంటికి కనిపించని కుందేలుతో స్నేహం చేసే మనిషి కథ అది. న్యూయార్క్ నాటకరంగం బ్రాడ్‌వేలో ఆ పాత్ర వేసే ఫ్రాంక్ ఫే సెలవు పెట్టినప్పుడు స్టూవర్ట్ వెళ్ళి వేశాడు కూడా. సినిమా హక్కులు యూనివర్సల్ దగ్గర ఉన్నాయి. అదే సంస్థ దగ్గర ‘వించెస్టర్ 73’ అనే వెస్టర్న్ (కౌబాయ్ సినిమా) స్క్రిప్టు కూడా నలుగుతోంది.

స్టూవర్ట్ రేటు సినిమాకు 2 లక్షల డాలర్లు. పెద్ద స్టూడియోల సరసన యూనివర్సల్ అప్పట్లో చిన్నది, రెండు సినిమాలకూ ఆ రేటు ఇవ్వలేనంది. వాసర్‌మన్ రెండింటినీ ఒక జతగా కట్టాడు. ‘హార్వీ’కి జీతం, ‘వించెస్టర్ 73’కి జీతం బదులు లాభంలో 50 శాతం, దానితోపాటు నటీనటుల, దర్శకుడి ఎంపికలో మాట చెప్పే హక్కు.

ఈ బేరంలో ఎవరికి ఏం కలిసొచ్చిందో విడివిడిగా చూడాలి. యూనివర్సల్‌కు చేతి నుంచి నగదు పోలేదు. సినిమా పోతే హీరోకు ఒక్క డాలరు ఇవ్వక్కర్లేదు, అంటే నష్టంలో కొంత అతనూ మోసినట్టే. వాసర్‌మన్‌కు చేతిలో ఉన్న నటుడి గిరాకీ తిరిగి నిలబెట్టే అవకాశం దొరికింది. స్టూవర్ట్‌కు రెండు లాభాలు, అందులో ఒకటి పన్నుది.

ఆ రోజుల్లో అమెరికాలో ఆదాయపు పన్ను పై శ్లాబు 1954 నుంచి 1963 దాకా 91 శాతం, 1952, 1953లలో 92 శాతం. 1950లో కాస్త తక్కువైనా 80 శాతం పైమాటే. పెళ్ళయిన జంట కలిపి రిటర్న్ వేస్తే 4 లక్షల డాలర్లు దాటిన భాగానికి ఆ రేటు పడేది. ఏటా మూడు నాలుగు సినిమాలు చేసే స్టారుకు చివరి సినిమా జీతంలో చేతికి మిగిలేది చిల్లరే. లాభంలో వాటా అలా ఒక్కసారిగా రాదు. సినిమా ఊరూరా, దేశదేశాలా తిరిగి, పెట్టుబడి వెనక్కి వచ్చాక కొన్నేళ్ళపాటు విడతలుగా వస్తుంది. ‘వించెస్టర్ 73’ మీద స్టూవర్ట్‌కు దాదాపు 6 లక్షల డాలర్లు వచ్చాయని చెబుతారు. ఆ సొమ్మంతా ఒకే ఏడాది ఖాతాలో పడటానికీ, కొన్నేళ్ళకు సర్దుకుని కింది శ్లాబుల్లో పడటానికీ చేతికి మిగిలేదాంట్లో పెద్ద తేడా ఉంటుంది. పన్ను అప్పటికీ ఎక్కువే, కాకపోతే మొత్తం ఊడ్చుకుపోదు.

సగం వాటా అంటే దేంట్లో సగం?

ఇక్కడే చాలామంది పొరబడతారు. టికెట్ల మీద వచ్చిన సొమ్ములో సగం అనుకుంటారు. మన ట్రేడ్ లెక్కల్లో గ్రాస్ వేరు, షేర్ వేరు, పెట్టుబడి వచ్చాక మిగిలే ఓవర్‌ఫ్లోస్ వేరు. స్టూవర్ట్ తీసుకున్నది ఈ చివరి రకం వాటా. లెక్క తేలిగ్గా అర్థం కావడానికి ఊహించిన అంకెలు తీసుకుందాం.

టికెట్ల గ్రాస్ 60 లక్షల డాలర్లు. థియేటర్లు తమ భాగం తీసుకోగా స్టూడియోకు చేరిన షేర్ 30 లక్షలు. అందులోంచి స్టూడియో తన పంపిణీ కమిషన్ 30 శాతం, అంటే 9 లక్షలు ముందే పట్టుకుంటుంది. మిగిలింది 21. ప్రింట్లు, పబ్లిసిటీ 4 లక్షలు పోతే 17. ఫస్ట్ కాపీ ఖర్చు, అంటే సినిమా తయారీకి అయిన ఖర్చు, 10 లక్షలు తీసేస్తే 7. వడ్డీ, ఆఫీసు ఖర్చుల కింద ఇంకో లక్ష. మిగిలిన 6 లక్షలు లాభం. హీరోకు 3 లక్షలు.

ఇప్పుడు షేర్ 30 నుంచి 20 లక్షలకు తగ్గిందనుకోండి. కమిషన్ 6 పోతే 14, ప్రింట్లు పబ్లిసిటీ పోతే 10, ఫస్ట్ కాపీ పోతే సున్నా, వడ్డీతో కలిపి లక్ష నష్టం. వసూళ్ళు మూడో వంతు తగ్గితే హీరో వాటా మూడో వంతు తగ్గదు, మొత్తం పోతుంది. స్టూడియోకు మాత్రం 6 లక్షల కమిషన్ అప్పటికే లోపలికి వచ్చేసింది. లాభంలో వాటా తీసుకున్నవాడు వరుసలో అందరికన్నా చివర నిలబడతాడు, ఈ సంగతి మరిచిపోతే ఒప్పందం చదవడమే దండగ.

వరుసలో ముందున్నవాళ్ళు ఎంత పట్టుకుంటారన్నది అంతకన్నా ముఖ్యం. మొదటి లెక్కలోనే కమిషన్‌ను 30కి బదులు 40 శాతం చేసి చూడండి. 12 లక్షలు అటుపోతాయి, లాభం 6 నుంచి 3 లక్షలకు పడిపోతుంది, హీరో వాటా సగమవుతుంది. సినిమా అదే, ప్రేక్షకులు అంతేమంది. అందుకే ఇలాంటి ఒప్పందంలో ‘50 శాతం’ అన్న అంకె కన్నా ‘లాభం’ అన్నదాన్ని ఎలా నిర్వచించారన్న పేరాలే బరువైనవి. స్టూడియో స్థిర ఖర్చుల్ని ఈ సినిమా మీద ఎంత రుద్దవచ్చు? ఒక సినిమా నష్టాన్ని మరో సినిమా లాభంలోంచి సర్దుకోవచ్చా? ఖాతా పుస్తకాలు తనిఖీ చేయించుకునే హక్కు నటుడికి ఉందా? ఈ మూడూ వదిలేసి శాతం కోసం కొట్లాడినవాళ్ళు హిట్ సినిమాకు కూడా రూపాయి చూడకుండా పోయిన ఉదాహరణలు తర్వాతి దశాబ్దాల్లో హాలీవుడ్ కోర్టులకెక్కాయి. వసూళ్ళు మొదలైన దగ్గరనుంచే శాతం ఇచ్చే గ్రాస్ ఒప్పందాలకు ఈ బెడద తక్కువ, కాబట్టే వాటిని స్టూడియోలు అగ్రశ్రేణి తారలకు తప్ప ఇవ్వవు.

స్టూవర్ట్ విషయంలో ఈ ప్రమాదాన్ని తగ్గించినవి రెండు. ఒకటి, ఎంచుకున్న సరుకు. నలుపు-తెలుపులో తీసిన వెస్టర్న్ అది. భారీ సెట్లు అక్కర్లేదు, చిన్న ఊళ్ళలోనూ ఆడుతుంది, విదేశాల్లో భాష అడ్డు తక్కువ. ఫస్ట్ కాపీ ఖర్చు తక్కువైతే లాభం గీత తొందరగా దాటుతుంది. రెండు, కాగితాలు చదివే మనిషి వాసర్‌మన్. స్టూడియో లెక్కలు లోపలినుంచి తెలిసిన ఏజెంటు అతను.

వాటా తెచ్చిన పాత్రలు

పన్ను కన్నా నాకు విలువైందిగా తోచేది రెండో లాభం, ఎంపికలో మాట. ‘వించెస్టర్ 73’ని మొదట ఫ్రిట్జ్ లాంగ్ తీయాల్సింది. అతను తప్పుకున్నాక స్టూవర్ట్ అంగీకారంతో ఆంథొనీ మాన్ వచ్చాడు. మాన్ అప్పటిదాకా తక్కువ బడ్జెట్‌లో నేరకథలు తీసినవాడు, హింస ఎంత వికారంగా ఉంటుందో తెరమీద చూపించగలిగినవాడు. ఏడేళ్ళ కాంట్రాక్టు కింద ఉండగా ఇలాంటి జత కుదిరే ప్రసక్తే లేదు. తడబడే మంచి కుర్రాడి బొమ్మను చెడగొట్టడానికి ఎంజీఎం ఒప్పుకునేది కాదు.

ఆ సినిమాలో ఒక సన్నివేశం ఉంది. సెలూన్‌లో డాన్ డురియా వేసిన రౌడీని స్టూవర్ట్ పాత్ర మాటల్లో పెట్టి, ఉన్నట్టుండి చెయ్యి మెలితిప్పి, తలను బల్లకేసి అదుముతుంది. కెమెరా స్టూవర్ట్ ముఖం మీదికి వస్తుంది. పళ్ళు బిగుసుకుపోయి, కళ్ళు పెద్దవై, మనిషి తన అదుపులో తాను లేడని తెలిసిపోతుంది. ఆనాటి ప్రేక్షకులు ‘మిస్టర్ స్మిత్’ను చూసిన కళ్ళతోనే దీన్నీ చూశారు, ఆ దెబ్బ అందుకే గట్టిగా తగిలింది. తుపాకీ పట్టులో కూడా శ్రద్ధ కనిపిస్తుంది. వించెస్టర్ కంపెనీ గురికాడు హెర్బ్ పార్సన్స్ దగ్గర రైఫిల్ వాడకం నేర్చుకున్నాడు, తెరమీద కష్టమైన గురి దెబ్బలు పార్సన్స్ కొట్టినవే.

1950 నుంచి 1955 దాకా స్టూవర్ట్, మాన్ కలిసి ఎనిమిది సినిమాలు చేశారు, అందులో ఐదు వెస్టర్న్‌లు. ‘ద నేకెడ్ స్పర్’ (1953)లో హీరో తల మీద వెల కట్టిన నేరస్థుణ్ణి డబ్బు కోసం వేటాడేవాడు, చివర ఏడుస్తాడు. దాన్ని నిర్మించింది ఎంజీఎం. పాత యజమాని గడపలోకి స్టూవర్ట్ ఈసారి తన షరతులతో వెళ్ళాడు. ‘ద మాన్ ఫ్రమ్ లారమీ’ (1955)లో అతని చేతిని పట్టుకుని అరచేతిలోంచి కాలుస్తారు. ఆ నొప్పిని హీరోయిజం కప్పదు. ఆ ఏడాది అమెరికా థియేటర్ యజమానుల ఓటింగ్‌లో వసూళ్ళు తెచ్చే తారల్లో స్టూవర్ట్ మొదటి స్థానంలో నిలిచాడు. వికారమైన కోపాన్ని జనం చూడరన్న స్టూడియో లెక్క తప్పని డబ్బే రుజువు చేసింది.

మాట చెల్లే హక్కుకు మరో ముఖం కూడా ఉంది. 1957లో ‘నైట్ ప్యాసేజ్’ స్క్రిప్టు మాన్‌కు నచ్చలేదు. అందులో స్టూవర్ట్ అకార్డియన్ వాయిస్తూ తిరిగే పాత్ర. మాన్ తప్పుకున్నాడు, జేమ్స్ నీల్సన్ తీశాడు. స్టూవర్ట్, మాన్ మళ్ళీ ఎప్పుడూ కలిసి పనిచేయలేదు. సినిమా చూస్తే మాన్ మాటే సరైనదనిపిస్తుంది. కాదని చెప్పే పెద్ద లేకపోవడం స్టారుకు ఎప్పుడూ మేలు చేయదు.

‘రియర్ విండో’ ఎవరిది?

శాతం తర్వాతి మెట్టు యాజమాన్యం. దర్శకుడు హిచ్‌కాక్, స్టూవర్ట్ కలిసి పేట్రన్ అనే కంపెనీ పెట్టి ‘రియర్ విండో’ (1954) తీశారు, పారమౌంట్ విడుదల చేసింది. సినిమా సొంతమైతే అది ఆడినన్నాళ్ళూ, టీవీలో వచ్చినన్నాళ్ళూ ఆదాయమే. అయితే సొంతం అనుకున్న ఇంటి కింద నేల ఎవరిదో కూడా చూసుకోవాలని ఈ సినిమా చెప్పింది.

కథ కార్నెల్ వూల్‌రిచ్‌ది, 1942 ఫిబ్రవరిలో ఒక పత్రికలో వచ్చింది. 1945లో అతను ఆరు కథల సినిమా హక్కుల్ని 9,250 డాలర్లకు ఒక నిర్మాణ సంస్థకు అమ్మాడు. 1953లో పేట్రన్ ఈ కథ హక్కుల్ని ఆ సంస్థ వారసుల దగ్గర 10,000 డాలర్లకు కొంది. అప్పటి అమెరికా చట్టంలో కాపీరైటు 28 ఏళ్ళు, తర్వాత రెన్యూవల్ చేస్తే ఇంకో 28 ఏళ్ళు. రెన్యూవల్ చేసి ఆ హక్కూ ఇస్తానని వూల్‌రిచ్ ముందే రాసిచ్చాడు. కానీ 1968లో, రెన్యూవల్ గడువు తెరుచుకోకముందే చనిపోయాడు. భార్యాబిడ్డలు లేరు. ఆస్తి చూసే బ్యాంకు 1969 డిసెంబర్‌లో రెన్యూవల్ చేసి, ఆ హక్కును షెల్డన్ అబెండ్ అనే లిటరరీ ఏజెంటుకు 650 డాలర్లకూ, రాబడిలో 10 శాతానికీ ఇచ్చింది.

సినిమా టీవీలో వచ్చాక అబెండ్ కేసు వేశాడు. అది 25,000 డాలర్లతో రాజీ అయింది. తర్వాత కొన్నేళ్ళు ఈ సినిమా, హిచ్‌కాక్ చేతిలో హక్కులున్న మరో నాలుగు సినిమాలు చూడ్డానికి దొరకలేదు. ఆ ఐదింటిలో నాలుగింట్లో హీరో స్టూవర్టే. 1983లో మళ్ళీ విడుదలై ‘రియర్ విండో’ దాదాపు 1.2 కోట్ల డాలర్లు తెచ్చింది. అబెండ్ మళ్ళీ కోర్టుకెళ్ళాడు. ఎదుటి పక్షంలో స్టూవర్ట్, హిచ్‌కాక్ వారసులు, ఎంసీఏ. ఒకప్పటి ఏజెన్సీ 1962లో యూనివర్సల్‌ను సొంతం చేసుకుని, ప్రభుత్వం ఒత్తిడితో ఏజెన్సీ పని మానేసి, అప్పటికి తానే స్టూడియో అయిపోయింది.

1990 ఏప్రిల్ 24న సుప్రీంకోర్టు ‘స్టూవర్ట్ వర్సెస్ అబెండ్’ కేసులో 6-3తో అబెండ్ పక్షాన తీర్పిచ్చింది. రచయిత రెన్యూవల్ దాకా బతకకపోతే అతని ముందస్తు హామీ వారసుల్ని కట్టెయ్యదు. సినిమాలో కొత్తగా చేర్చిందంతా నిర్మాతదే, కానీ లోపల కథ ఉన్నంతకాలం కథ యజమాని అనుమతి లేకుండా దాన్ని వాడుకోకూడదు అని తేల్చింది.

ఈ తీర్పు ఆ తర్వాత స్టూవర్ట్‌దే ఇంకో సినిమా తలరాతను మార్చింది. ‘ఇట్స్ ఎ వండర్‌ఫుల్ లైఫ్’ కాపీరైటును 1974లో రెన్యూవల్ చేయడం మరిచిపోయారు. దాంతో అమెరికా టీవీ స్టేషన్లు ప్రతి డిసెంబర్‌లో డబ్బు కట్టకుండా దాన్ని వేసుకునేవి. ఆడనిదల్లా ఇంటింటి సినిమా అయింది అలాగే. అయితే దానికి ఆధారమైన ఫిలిప్ వాన్ డోరెన్ స్టెర్న్ కథ కాపీరైటు మాత్రం సజీవంగా ఉంది. ఆ కథ, సంగీతం హక్కులు తన దగ్గరున్న రిపబ్లిక్ పిక్చర్స్ 1993లో అబెండ్ తీర్పును చూపించి, ఇక మా అనుమతి లేకుండా ఎవరూ వేయకూడదని స్టేషన్లకు నోటీసులిచ్చింది. 1994 నుంచి ప్రసార హక్కు ఎన్‌బీసీ టీవీ సంస్థకు వెళ్ళింది.

అమెరికా కాపీరైటు చట్టానికి 1992లో చేసిన సవరణతో 1964-77 మధ్య ప్రచురించిన రచనలకు రెన్యూవల్ దానంతటదే జరిగేలా మార్చారు. 1978 తర్వాతి రచనలకు ఆ మెట్టే లేదు. 1964కు ముందు కథల మీద తీసిన పాత సినిమాను ఎవరైనా కొనాలన్నా, రీమేక్ చేయాలన్నా మాత్రం లాయర్లు ఇప్పటికీ రెండు తేదీలు పక్కపక్కన రాసుకుంటారు: కథ రెన్యూవల్ తేదీ ఒకటి, రచయిత చనిపోయిన తేదీ ఒకటి.